బాలాజీ కాలనీ మేడ మీద ఆదివారం ఫిలాసఫీ క్లాసు: దెకార్త్, స్పినోజా, లైబ్నిజ్ (నా రివ్యూ)

తిరుపతిలో కోచింగ్ సెంటర్లకు కొదవ లేదు, ఏ రోడ్డులోకి పోయినా ర్యాంకుల ఫ్లెక్సీలే కనపడతాయి, అందుకని ముందే చెప్తున్నా, ఇది అట్లాంటి క్లాసు కాదు, పరీక్ష ఉండదు, సర్టిఫికెట్ ఇవ్వరు. బాలాజీ కాలనీలో ఒక ఇంటి మేడ మీద ఆదివారం సాయంత్రం 4 నుంచి 6:30 దాకా నడుస్తుంది. చెప్పేది రిటైర్ అయిన ఒక ఫిజిక్స్ లెక్చరర్, పేరు పెట్టొద్దన్నారు కాబట్టి సార్ అనే రాస్తా. మూడు నెలల కోర్సు, ఫీజు 1800 రూపాయలు, జిరాక్స్ నోట్సు అందులోనే, చదువుకునే పిల్లలకు సగం ఫీజే.

సబ్జెక్టు ఏందంటే 17వ శతాబ్దంలో యూరప్‌లో దెకార్త్, స్పినోజా, లైబ్నిజ్ అని ముగ్గురు, బుద్ధితో క్రమంగా ఆలోచిస్తే ప్రపంచం అసలు నిర్మాణం ఏందో తెలుసుకోవచ్చని గట్టిగా నమ్మినవాళ్ళు, వాళ్ళ తత్వశాస్త్రం ఒకవైపు, వాళ్ళ మ్యాథ్స్, ఫిజిక్స్ ఇంకోవైపు, ఈ రెండిటికీ మధ్య లింకు ఎక్కడుంది అని. నేను ఇంటర్ పిల్లలకు మ్యాథ్స్ చెప్తాను. కోఆర్డినేట్ జామెట్రీ, ఇంటిగ్రేషన్ ఏటా చెప్పేవే. వాటిని కనిపెట్టినవాళ్ళు దేవుడు, ఆత్మ, పదార్థం అంటూ వందల పేజీలు ఎందుకు రాసినారు, అవి లెక్కలకు సంబంధం లేని పక్క వ్యాపకమా లేక లెక్కల్లోంచే వచ్చినాయా అనేది తెలుసుకోవాలని చేరినా. తెలిసింది. అందుకే ఇంత పొడుగు రివ్యూ రాస్తా ఉన్నా.

క్లాసులో నాకు నచ్చింది ఒకటే మాటలో చెప్పాలంటే, సార్ ఆ తత్వశాస్త్రాన్ని పూజగదిలో పెట్టరు, చెత్తబుట్టలోనూ వెయ్యరు. వాళ్ళ నమ్మకం వల్ల ఏ లెక్క కరెక్ట్ అయింది, అదే నమ్మకం వల్ల ఏ లెక్క తప్పయింది, రెండూ టేబుల్ మీద పెట్టి చూపిస్తారు.

దెకార్త్‌తో మొదలు. మామూలుగా ఫిలాసఫీ పుస్తకాల్లో ఈయన "నేను ఆలోచిస్తున్నా కాబట్టి నేనున్నా" దగ్గర మొదలై అక్కడే అయిపోతాడు, మ్యాథ్స్ పుస్తకాల్లోనేమో కార్టీజియన్ అనే ఒక విశేషణంగా మిగిలిపోయినాడు. సార్ 1637లో ఆయన అచ్చేసిన పుస్తకం తీసుకున్నారు. అందులో ముందు సరిగ్గా ఆలోచించే పద్ధతి గురించి ఒక వ్యాసం, దాని వెనకాల మూడు: కాంతి గురించి ఒకటి, వాతావరణం గురించి ఒకటి, జామెట్రీ ఒకటి. అంటే పద్ధతి చెప్పి ఊరుకోలేదు, ఆ పద్ధతి పెట్టి నేనేం సాధించినానో చూడండి అని వెంటనే ఇచ్చినాడు. ఇంద్రధనుస్సు సుమారు 42 డిగ్రీల దగ్గర ఎందుకు ఏర్పడుతుందో ఆ వాతావరణం భాగంలోనే లెక్క కట్టి చూపించినాడు.

జామెట్రీ భాగం మీద సార్ పెట్టిన టైం నాకు బాగా ఉపయోగపడింది. దెకార్త్‌కు ముందు, గ్రీకుల కాలం నుంచీ, ఒక పొడవును ఇంకో పొడవుతో గుణిస్తే వైశాల్యం, మూడోదాంతో గుణిస్తే ఘనపరిమాణం, నాలుగోదాంతో గుణిస్తే ఏమొస్తుంది అంటే జామెట్రీలో దానికి అర్థమే లేదు. దెకార్త్ ఒక గీతను యూనిట్ అని పెట్టుకుని, సరూప త్రిభుజాలు వాడి, రెండు గీతల లబ్ధం కూడా ఒక గీతే అని చూపించినాడు. అంతే, ఎక్స్ పవర్ 4 అయినా పవర్ 10 అయినా కాగితం మీద ఒక గీత. ఆ త్రిభుజం సార్ బోర్డు మీద గీసి, మమ్మల్ని స్కేలు పెట్టి 2 సెంటీమీటర్లు, 3 సెంటీమీటర్లు తీసుకుని 6 సెంటీమీటర్ల గీత రాబట్టమన్నారు. బ్యాంకులో రిటైర్ అయిన పెద్దాయన ఒకరు మా బ్యాచ్‌లో ఉన్నారు, ఆయన గీత సరిగ్గా 6 వచ్చినప్పుడు "ఇది మాకు బళ్ళో ఎందుకు చెప్పలేదు సామీ" అని అడిగినారు. నాక్కూడా అదే అనిపించింది, ఈ ఏడు నా పిల్లలకు కోఆర్డినేట్స్ మొదలుపెట్టే రోజు ఈ గీతతోనే మొదలుపెడతా.

ఇక్కడి నుంచి తత్వంలోకి పోవడం సార్ బాగా చేసినారు. దెకార్త్ ప్రకారం పదార్థం అంటే పొడవు, వెడల్పు, లోతు, అంతే. రంగు, రుచి, వాసన అన్నీ మన ఇంద్రియాల వైపువి, వస్తువులో నిజంగా ఉండేది వ్యాప్తి, అంటే జాగా ఆక్రమించడం, ఒక్కటే. అట్లా అనుకుంటే ఫిజిక్స్ మొత్తం జామెట్రీ కింద మారిపోవాల, ప్రకృతిని లెక్కతో పట్టుకోవచ్చు అనే ధైర్యం అక్కడి నుంచి వచ్చింది. కానీ అదే నమ్మకం ఇంకో పని కూడా చేసింది. వ్యాప్తే పదార్థం అయితే ఖాళీ జాగా అనేది ఉండటానికి వీల్లేదు, ఖాళీ లేకపోతే గ్రహాలు ఏదో ఒక పదార్థంలో కొట్టుకుపోతా ఉండాల, అందుకని సూర్యుడి చుట్టూ సుడులు తిరిగే సూక్ష్మ పదార్థం ఉందన్నాడు. ఆ సుడుల సిద్ధాంతం నిలబడలేదు. ఒకే గింజలోంచి మొలిచిన రెండు మొక్కలు ఇవి, ఒకటి పంట అయింది, ఒకటి కలుపు అయింది.

మా బ్యాచ్‌లో యూనివర్సిటీలో ఫిలాసఫీ చదివే ఒక అమ్మాయి ఉంది, ఆ అమ్మాయి బొహీమియా రాజకుమారి ఎలిజబెత్ 1643లో దెకార్త్‌కు రాసిన ఉత్తరం గురించి చెప్పింది. మనసుకు పొడవు వెడల్పు లేవంటున్నావు, మరి అది చేతిని ఎట్లా కదిలిస్తుంది, తాకకుండా తొయ్యడం ఎట్లా అనేది ఎలిజబెత్ ప్రశ్న. నిజానికి అది ఫిజిక్స్ ప్రశ్న, తత్వశాస్త్రాన్ని ఫిజిక్స్ నిలదీసిన సందర్భం. దెకార్త్ చాలా ఉత్తరాలు రాసినాడు గానీ తృప్తికరమైన జవాబు మాత్రం రాలేదు. సార్ ఆ అమ్మాయితో "నువ్వే ముందుకొచ్చి చెప్పమ్మా" అని తన కుర్చీ వదిలేసి పక్కన కూర్చున్నారు, అది నాకు చాలా నచ్చింది.

తర్వాత వారం క్యారమ్ బోర్డు తెచ్చినారు. దెకార్త్ 1644 పుస్తకంలో వస్తువులు గుద్దుకుంటే ఏమవుతుందో ఏడు నియమాలు రాసినాడు. నాలుగోది ఏందంటే, కదలకుండా ఉన్న పెద్ద వస్తువును చిన్న వస్తువు ఎంత స్పీడుగా గుద్దినా కదిలించలేదు, తనే వెనక్కి వస్తుంది అని. సార్ స్ట్రైకర్‌ను మధ్యలో పెట్టి, కాయిన్‌తో కొట్టమన్నారు. స్ట్రైకర్ కదిలింది. బరువు కాబట్టి తక్కువే కదిలింది గానీ కదిలింది, అందరం తలా ఒకసారి కొట్టి చూసినాం. ఐసర్ అనే సైన్సు సంస్థ నుంచి వచ్చే పిల్లోడు ఒకడు "సార్, ఇంత సులభంగా తప్పని తెలిసేదాన్ని ఆయన చూసుకోలేదా" అని అడిగినాడు. సార్ చెప్పింది ఏందంటే, చూసుకున్నాడు, అనుభవంలో వేరేగా కనపడుతుందని ఆయనకు తెలుసు, కానీ చుట్టూ ఉన్న పదార్థం అడ్డొస్తా ఉంది కాబట్టి అట్లా కనపడుతుంది, ఏ అడ్డూ లేని చోట నా నియమమే నిజం అని ఆ పుస్తకంలోనే రాసినాడు. బుద్ధి చెప్పిందాన్ని కన్ను కాదంటే కన్నునే అనుమానించడం, ఈ ముగ్గురిలో ఉన్న బలమూ అదే, ప్రమాదమూ అదే.

అయితే నన్ను అసలు కదిలించింది ఆ తర్వాతి అరగంట. దెకార్త్ తప్పును క్యారమ్ బోర్డు లేకుండా, ఉట్టి ఆలోచనతోనే లైబ్నిజ్ ఎట్లా పట్టుకున్నాడో చూపించినారు. దెకార్త్ మొదటి నియమం: రెండు సమానమైన వస్తువులు సమానమైన స్పీడుతో ఎదురెదురుగా వచ్చి గుద్దుకుంటే రెండూ అదే స్పీడుతో వెనక్కి పోతాయి. రెండో నియమం: వాటిలో ఒకటి కొంచెం పెద్దదైతే చిన్నది మాత్రమే వెనక్కి తిరుగుతుంది, రెండూ కలిసి పెద్దది పోయే దిక్కుకే అదే స్పీడుతో పోతాయి. ఇప్పుడు ఆలోచించండి, సమానంగా ఉన్న వస్తువుకు ఒక ఇసుక రేణువంత బరువు కలిపినాం, అంతకుముందు పూర్తి స్పీడుతో వెనక్కి వచ్చేది ఇప్పుడు పూర్తి స్పీడుతో ముందుకు పోతుందంట. ఇచ్చిన దాంట్లో తేడా రేణువంత, ఫలితంలో తేడా బోర్డు అంత. లైబ్నిజ్ 1687లో ఇది కుదరదు అన్నాడు, ప్రకృతి గంతులు వెయ్యదు, కారణంలో మార్పు చిన్నదైతే కార్యంలో మార్పు కూడా చిన్నదే అయి ఉండాల. ఇది తత్వశాస్త్రం నుంచి వచ్చిన సూత్రం, అదే ఆయన కాల్క్యులస్ వెనక కూడా ఉంది. 1684లో ఆయన డిఫరెన్షియల్ కాల్క్యులస్ పేపర్ వచ్చింది, 1687లో దెకార్త్ మీద ఈ విమర్శ వచ్చింది, మూడేళ్ళ తేడాతో ఒకే బుర్రలోంచి. నేను ఏటా బోర్డు మీద కంటిన్యుటీ నిర్వచనం రాస్తాను, అది ప్రకృతి గురించి ఒకరు పెట్టుకున్న నమ్మకం కూడా అని తెలిసి రాయడం వేరు.

సార్ దానికో హద్దు కూడా చెప్పినారు, ప్రకృతి గంతులు వెయ్యదనే మాట అణువుల లోపలికి పోతే ఇబ్బందుల్లో పడుతుంది, ఎలక్ట్రాన్ శక్తి మెట్లు మెట్లుగా ఉంటుంది కదా అని. అక్కడితో ఆపేసినారు, అది వేరే కోర్సు అన్నారు.

తర్వాత బంకమన్ను క్లాసు. ఎవరైనా ఈ కోర్సులో ఒక్క వారమే రాగలిగితే ఆ వారం రండి అంటాను. గొడవ ఏందంటే, లోకంలో కదలిక మొత్తం ఎప్పుడూ మారకుండా ఉంటుందని దెకార్త్ అన్నాడు, దేవుడు మారడు కాబట్టి ఆయన సృష్టిలో పెట్టిన కదలిక కూడా మారదు అనేది ఆయన కారణం. ఆ కదలికను సైజు ఇంటూ స్పీడు అని లెక్క కట్టినాడు. లైబ్నిజ్ 1686లో చిన్న పేపర్ రాసి అది తప్పన్నాడు. మారకుండా ఉండేది ఏదో ఒకటి ఉండాల అనే మాట ఇద్దరిదీ ఒకటే, ఎందుకంటే కారణంలో ఎంత ఉందో కార్యంలో అంతే ఉండాల, లేదంటే ఏమీ పెట్టకుండా ఎప్పటికీ తిరిగే యంత్రం చెయ్యొచ్చు. కానీ కొలవాల్సింది బరువు ఇంటూ స్పీడు కాదు, బరువు ఇంటూ స్పీడు స్క్వేర్ అన్నాడు. ఒక కిలోను నాలుగు మీటర్ల ఎత్తుకు లేపడానికి, నాలుగు కిలోలను ఒక మీటరు లేపడానికి పట్టే కష్టం ఒకటే. కిందకు వదిలితే గెలీలియో లెక్క ప్రకారం మొదటిదాని స్పీడు రెండోదానికి రెట్టింపు. దెకార్త్ లెక్కలో ఒకటికి 2 వస్తే ఇంకోదానికి 4 వస్తుంది, సమానం కావు. స్క్వేర్ పెడితే రెండిటికీ 4.

ఇంతవరకూ కాగితం మీద. సార్ ఒక పళ్ళెంలో తడి బంకమన్ను, వినాయక చవితికి బొమ్మలు చేసేవాళ్ళ దగ్గర తెచ్చింది, చదునుగా పరిచినారు. ఒకే సైజు ప్లాస్టిక్ బంతులు రెండు, ఒకదాంట్లో ఇసుక, ఇంకోదాంట్లో సైకిల్ బేరింగ్ గుండ్లు, కిచెన్ కాటాలో 100 గ్రాములు, 300 గ్రాములు వచ్చేటట్టు నింపినారు. బరువైన దాన్ని ఒక అడుగు ఎత్తు నుంచి, తేలికైన దాన్ని మూడు అడుగుల ఎత్తు నుంచి వదిలినాం. గుంటలు స్కేలు పుల్లతో కొలిచినాం. మా కంటికి, మా స్కేలుకు తేడా దొరకలేదు. దెకార్త్ లెక్కే కరెక్ట్ అయితే బరువైన దాని కదలిక 3, తేలికైన దానిది సుమారు 1.73, అంటే బరువైనది ఇంకా బాగా లోతుకు దిగాల. దిగలేదు. సంస్కృత యూనివర్సిటీ అబ్బాయి మూడుసార్లు వదిలి, ప్రతిసారీ మన్ను సర్ది, మళ్ళీ కొలిచినాడు, చేతులకు మన్నుతోనే నోట్సు రాసుకున్నాడు.

ఈ ప్రయోగం సార్ సొంతం కాదు, ఆయనే చెప్పినారు. హాలండ్‌లో గ్రావెసాండ్ అనే ప్రొఫెసర్ 1720ల్లో ఇత్తడి గుండ్లు మెత్తటి మన్నులో వదిలి చేసినది. దాన్ని, లైబ్నిజ్ తత్వాన్ని, న్యూటన్ ఫిజిక్స్‌ను ఒక చోటికి తెచ్చి పుస్తకం రాసింది ఎమిలీ దు షాత్లే అనే ఫ్రెంచ్ ఆవిడ, 1740లో. న్యూటన్ ప్రిన్సిపియాను ఫ్రెంచ్‌లోకి తెచ్చింది కూడా ఆవిడే, ఆ అనువాదం ఆవిడ పోయిన పదేళ్ళకు 1759లో పూర్తిగా అచ్చయింది. ఫిజిక్స్‌కు పునాది తత్వం కావాల, తత్వానికి తనిఖీ ప్రయోగం కావాల అని రెండూ ఒకే మనిషి పట్టుకోవడం నాకు ఈ కోర్సు మొత్తంలో గొప్పగా అనిపించిన సంగతి. ఆవిడ మీద సార్ ఇరవై నిమిషాలే చెప్పినారు, ఒక క్లాసు మొత్తం ఇవ్వాల్సింది, ఇది నా మొదటి కంప్లయింట్. మొమెంటమ్, అంటే బరువు ఇంటూ స్పీడు, దిక్కుతో సహా లెక్కపెడితే అదీ మారదు, ఎనర్జీ లెక్కా నిలబడుతుంది, రెండూ వేరువేరు కొలతలు, దెకార్త్‌కూ లైబ్నిజ్‌కూ చెరో సగం దక్కిందని ఈరోజు ఫిజిక్స్ చెప్తుంది. పిల్లలు ఇంటర్‌లో కంఠతా పట్టే హాఫ్ ఎం వి స్క్వేర్ వెనక దేవుడు మారతాడా మారడా అనే చర్చ ఉందని వాళ్ళకు ఎవరు చెప్పాల మరి.

స్పినోజా క్లాసులు కష్టంగా ఉన్నాయి. ఆయన 1632లో ఆమ్‌స్టర్‌డామ్‌లో పుట్టినాడు, 1656లో యూదు సమాజం వెలేసింది, కళ్ళద్దాల, మైక్రోస్కోపుల గాజు కటకాలు అరగదీసి బతికినాడు. హైడెల్‌బర్గ్‌లో ప్రొఫెసర్ పోస్టు ఇస్తామంటే 1673లో వద్దన్నాడు. ఎథిక్స్ అనే పుస్తకం 1677లో ఆయన పోయిన తర్వాత బయటికి వచ్చింది. యూక్లిడ్ జామెట్రీ లాగా నిర్వచనాలు, స్వయంసిద్ధాలు, సిద్ధాంతాలు, రుజువులు. మొదటి భాగంలో 8 నిర్వచనాలు, 7 స్వయంసిద్ధాలు, 36 సిద్ధాంతాలు. ఆ పేజీలు జిరాక్స్ ఇచ్చి, ఏ సిద్ధాంతం దేని మీద ఆధారపడిందో గీతలు గీయమన్నారు, చెట్టు లాగా ఒక చార్టు వచ్చింది. మ్యాథ్స్ వాళ్ళకు అది చాలా బాగుంటుంది, మిగతావాళ్ళు ఇబ్బంది పడినారు, ఆ వారం నుంచి ఇద్దరు ముగ్గురు రావడం మానేసినారు కూడా.

అక్కడ న్యాయశాస్త్రం (లా కాదు, మన పాత తర్కశాస్త్రం) చదివే ఆ సంస్కృత యూనివర్సిటీ అబ్బాయి లేచి అడిగిన ప్రశ్న మాత్రం మర్చిపోలేను. "సార్, మా దగ్గర అనుమానానికి, అంటే కనపడేదాన్ని బట్టి కనపడనిది తేల్చడానికి, ఐదు అవయవాలు, అంటే ఐదు మెట్లు. కొండ మీద నిప్పుంది, పొగ ఉంది కాబట్టి, పొగ ఉన్న చోటల్లా నిప్పు ఉంటుంది వంటింట్లో లాగా, ఈ కొండా అట్లాంటిదే, కాబట్టి నిప్పుంది. ఆ వంటిల్లు చూపించకపోతే మా వాళ్ళు ఒప్పుకోరు. స్పినోజా వంటిల్లు ఎక్కడుంది?" అన్నాడు. సార్ వెంటనే జవాబు చెప్పలేదు, కాసేపు ఆలోచించి, "జామెట్రీలో వంటిల్లు అక్కర్లేదబ్బయ్యా, నిర్వచనమే చాలు, వృత్తం అంటే ఏందో చెప్తే గీసి చూపించొచ్చు. కానీ నువ్వడిగింది కరెక్టే, ద్రవ్యం, అంటే వేరే దేని మీదా ఆధారపడకుండా తనంతట తానే ఉండేది, అని నిర్వచనం చెప్పినంత మాత్రాన అట్లాంటిది ఉందని ఎట్లా తెలుస్తుంది" అన్నారు. సరిగ్గా ఆ ప్రశ్నతోనే లైబ్నిజ్ 1676లో హేగ్ పోయి స్పినోజాను కలిసినాడంట, సంపూర్ణమైన దేవుడు అనే భావంలో వైరుధ్యం లేదని ముందు చూపించాల, ఆ తర్వాతే ఉన్నాడని రుజువు చెయ్యాల అని ఒక కాగితం రాసి చూపించినాడు. లైబ్నిజ్ ఇచ్చే ఉదాహరణ ఇది: "అన్నిటికంటే వేగంగా తిరిగే చక్రం" అంటే మాటలు అర్థమవుతాయి, కానీ ఆ చక్రం ఆకు (స్పోక్) ఒకదాన్ని అంచు దాటి పొడిగిస్తే దాని కొస ఇంకా వేగంగా తిరుగుతుంది, అంటే అట్లాంటి చక్రం ఉండటానికే వీల్లేదు. నిర్వచనం చెప్పగలగడం వేరు, అది సాధ్యం కావడం వేరు. మ్యాథ్స్‌లో ఈరోజుకీ మనం చేసేది ఇదే కదా, నిర్వచించగానే సరిపోదు, అట్లాంటిది ఒకటైనా ఉందని చూపించాల.

మనది తిరుపతి కాబట్టి స్పినోజా దేవుడి గురించి మాట్లాడేటప్పుడు ఒక సంగతి వచ్చి తీరుతుంది. దేవుడూ ప్రకృతీ ఒకటే అన్నాడు కదా, అదే మన రామానుజులవారు చెప్పింది, జగత్తు భగవంతుడి శరీరం అని, మనవాళ్ళు ఎప్పుడో చెప్పేసినారు అని బ్యాంకు పెద్దాయన అన్నారు. నేను కూడా ప్రతి నెలా కొండకు పోయేదాన్నే, అట్లా కలిపి చూసుకోవాలని నాకూ ఉంటుంది. సార్ ఆయన్ను నొప్పించకుండా, "పోలిక ఉంది సామీ, తేడా కూడా చూద్దాం" అని ఎథిక్స్ ఐదో భాగంలో 19వ సిద్ధాంతం చదివినారు. దేవుణ్ణి ప్రేమించేవాడు, దేవుడు తనను తిరిగి ప్రేమించాలని ప్రయత్నించలేడు అని ఉంది అక్కడ. స్పినోజా దేవుడికి సంకల్పం లేదు, దయ లేదు, త్రిభుజం కోణాల మొత్తం 180 డిగ్రీలు అయినంత ఖచ్చితంగా ఆయన నుంచి అన్నీ వస్తాయి. శరణాగతి అనేదే రామానుజులవారి విశిష్టాద్వైతానికి ప్రాణం, ఇక్కడ శరణు వినేవాడే లేడు. పెద్దాయన చాలాసేపు ఏం మాట్లాడలేదు, ఆఖర్లో "అయితే ఆయనది వేరే దోవ" అన్నారు. ఎవరి నమ్మకాన్నీ తక్కువ చెయ్యకుండా, అన్నీ ఒకటే అని కలిపెయ్యకుండా చెప్పడం మన ఊళ్ళో చాలా అవసరం, ఈ విషయంలో సార్‌కు నూటికి నూరు. ఐన్‌స్టీన్ 1929లో నేను స్పినోజా దేవుణ్ణి నమ్ముతానని ఒక యూదు గురువుకు జవాబిచ్చిన సంగతి కూడా అప్పుడే వచ్చింది, నియమాల క్రమంలో కనపడే దేవుడు అని అర్థం, సైన్సు వాళ్ళకు ఆయన ఎందుకు దగ్గరయినాడో అది వింటే తెలిసిపోతుంది.

స్పినోజాలో మూడు, నాలుగు భాగాలు, అంటే కోపం, అసూయ, భయం వీటన్నిటినీ గీతలు, తలాలు ఉన్నట్టే చూస్తా అని ఆయన రాసినవి, పూర్తిగా వదిలేసినారు. టైం లేదన్నారు. ఫీజు కట్టినవాళ్ళకు కనీసం నోట్సు అయినా ఇవ్వాల్సింది.

లైబ్నిజ్ మీద మళ్ళీ ఒక నెల నడిచింది. కారణం లేకుండా ఏదీ ఉండదు అనే ఒక్క సూత్రం పట్టుకుని ఎంత దూరం పోయినాడో చూస్తే ఆశ్చర్యమేస్తుంది. న్యూటన్ ఆకాశం (పైన కనపడే ఆకాశం కాదు, స్పేస్) అంటే వస్తువులు ఉన్నా లేకున్నా ఉండే పెద్ద ఖాళీ గది లాంటిదన్నాడు. 1715, 1716ల్లో న్యూటన్ తరఫున క్లార్క్ అనే ఆయనకూ లైబ్నిజ్‌కూ ఉత్తరాల్లో వాదం జరిగింది. సార్ దాన్ని మన ఊరికి తెచ్చినారు: కపిలతీర్థం, అలిపిరి, స్టేషన్, చంద్రగిరి కోట, భూమి, సూర్యుడు, నక్షత్రాలు, మొత్తం సృష్టిని ఐదడుగులు తూర్పుకు జరిపితే ఏం మారుతుంది? ఒక్క దూరం కూడా మారదు, ఎవరికీ తెలియదు. అట్లయితే దేవుడు సృష్టిని ఇక్కడే ఎందుకు పెట్టినాడు, అక్కడ ఎందుకు పెట్టలేదు అనేదానికి కారణమే ఉండదు. కారణం లేనిది జరగదు కాబట్టి ఆ రెండు స్థితులూ వేరు కావు, ఆకాశం అనేది విడిగా ఒక వస్తువు కాదు, వస్తువుల మధ్య ఉండే సంబంధాల క్రమమే. ఐసర్ పిల్లలు న్యూటన్ పక్షం తీసుకుని తిరిగే బకెట్‌లో నీళ్ళు అంచులకు ఎందుకు ఎక్కుతాయి అని గట్టిగా వాదించినారు, దేనికి సాపేక్షంగా తిరుగుతున్నాయో చెప్పండి అని. ఆ ప్రశ్నను 19వ శతాబ్దంలో మాఖ్ అనే ఫిజిక్స్ శాస్త్రవేత్త మళ్ళీ తవ్వినాడు, అక్కడి నుంచి ఐన్‌స్టీన్ దాకా వచ్చింది. ఆ వాదనతో క్లాసు 7 దాటినా ఎవరూ లేవలేదు.

ఇక్కడే నాకు ఒక అభ్యంతరం ఉంది, క్లాసులోనూ చెప్పినా. సార్ వరస చూస్తే తత్వం లేకపోతే ఆ మ్యాథ్స్ పుట్టేదే కాదు అన్నట్టు ఉంటుంది. కానీ పై బై 4 కు 1 − 1/3 + 1/5 − 1/7 అని పోయే శ్రేణి, లైబ్నిజ్ పేరుతో మేం పాఠం చెప్పేది, లైబ్నిజ్ 1670ల్లో కనుక్కున్నాడు, దాన్నే కేరళలో మాధవుడు అనే గణిత పండితుడు దాదాపు మూడు వందల ఏళ్ళ ముందే కనుక్కున్నాడు, దాని రుజువు యుక్తిభాష అనే పుస్తకంలో మలయాళంలో ఉంది. వాళ్ళకు గ్రహాల లెక్కలు కావాల్సి వచ్చినాయి, దానికోసం చేసినారు, ప్రకృతి గంతులు వెయ్యదనే సిద్ధాంతం ఎవరూ ముందు పెట్టుకోలేదు. అంటే ఒకే లెక్కకు రెండు దోవల్లో రావచ్చు. సార్ ఒప్పుకున్నారు, కానీ శ్రేణి ఒకటి దొరకడం వేరు, దాన్ని ఏ వక్రానికైనా పనికొచ్చే పద్ధతిగా, గుర్తులతో సహా మార్చడం వేరు, అట్లా అన్నిటికీ ఒకే పద్ధతి కావాలనే పట్టుదల లైబ్నిజ్‌కు తన తత్వం నుంచే వచ్చింది అన్నారు. వాదాలన్నీ లెక్క వేసి తేల్చుకునే భాష ఒకటి తయారు చెయ్యాలని ఆయన జీవితాంతం అనుకున్నాడు, 1673లో లండన్ రాయల్ సొసైటీలో లెక్కల యంత్రం చూపించినాడు, 0, 1 లతోనే అంకెలన్నీ రాసే పద్ధతి 1703లో అచ్చేసినాడు. సార్ జవాబు బలంగానే ఉంది, కానీ మాధవుడి మీద ఒక గంట ఉంటే కోర్సు ఇంకా నిజాయితీగా ఉంటుందని నేను ఇప్పటికీ అంటాను, మన భాషల్లో చెప్పే క్లాసు కాబట్టి ఇంకా అవసరం.

ఆఖరి వారం కాంట్, 18వ శతాబ్దపు జర్మన్ తత్వవేత్త. ఒక్క రెండున్నర గంటల్లో కాంట్ ఏందండీ, అది అన్యాయం. 1781 పుస్తకంలో, అనుభవాన్ని దాటి ఉట్టి బుద్ధి ఎంత దూరం పోగలదు అని హద్దు గీసినాడు, 7 కి 5 కలిపితే 12 అనేది నిర్వచనాలు విడగొట్టి చూస్తే రాదన్నాడు, ఇంతవరకే ఎక్కింది. ఒక్క సంగతి మాత్రం బాగా అతికింది, కాంట్ కుర్రవాడుగా రాసిన మొట్టమొదటి పుస్తకం ఈ బరువు ఇంటూ స్పీడు స్క్వేర్ గొడవ మీదే అంట. బంకమన్ను క్లాసు చూసినవాళ్ళకు అది వింటే సంతోషంగా ఉంటుంది.

మిగతా విషయాలు. మెట్లు నిటారుగా ఉన్నాయి, ఒకవైపు రెయిలింగ్ లేదు, మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళు ఆలోచించుకోండి. బండి పెట్టుకోవడానికి జాగా తక్కువ, బ్రహ్మోత్సవాల టైంలో అయితే ఆటోలో రావడమే మేలు. నోట్సు తెలుగులో బాగానే ఉంది గానీ ప్రింట్‌లో ఇంటిగ్రల్ గుర్తు పడలేదు, ఆ చోట్లన్నీ ఖాళీ డబ్బాలు వచ్చినాయి, చేత్తో దిద్దుకోవాల. రికార్డింగ్ ఇవ్వరు, ఒక వారం పోతే పోయినట్టే. గొంతు పెద్దగా ఉన్న పిల్లలకే ఎక్కువ ఛాన్స్ దొరుకుతుంది, నెమ్మదిగా మాట్లాడేవాళ్ళను సార్ ఇంకొంచెం పిలిచి అడగాల. మధ్యలో టీ వస్తుంది, దానికి వేరే డబ్బులు తీసుకోరు.

ఇంటర్ మ్యాథ్స్ వచ్చి ఉంటే చాలు, ఫిలాసఫీ ముందే చదివి ఉండాల్సిన పని లేదు. పదో తరగతి పిల్లలను మాత్రం తేవద్దు, స్పినోజా వారాల్లో కూర్చోలేరు. మ్యాథ్స్, ఫిజిక్స్ చెప్పే టీచర్లు, లెక్చరర్లు తప్పకుండా రండి. తర్వాతి బ్యాచ్ సంక్రాంతి అయినాక మొదలవుతుందన్నారు, ఫోన్‌లో బుకింగ్ లేదు, ఆదివారం 3:30కు పోయి సార్‌ను నేరుగా అడగాల, మొదటి రోజుకు స్కేలు, కంపాస్, గ్రాఫ్ పేపర్లు తీసుకుపోండి, అక్కడ ఇచ్చేవి అందరికీ సరిపోవు.